కాళ్ళు మాత్రమే కనిపించే కిటికీ

"కళ్ళారా చూసినదాన్ని కూడా నమ్మకూడదా గురువుగారూ?" అని నా తోటి శిష్యుడు కోటిలింగం అడిగాడు. మా గురువు నరసింగయ్యగారు గుంటమగ్గం మీద నేస్తూనే బోధ చేసేవారు. వాదానికి మాత్రం దిగేవారు కారు. ఆ రోజూ దిగలేదు. మగ్గం కోటిలింగానికి అప్పగించి, తాను పక్కన నూలు కండెలు చుడుతూ కూర్చున్నారు.

గుంటలో కూర్చున్నవాడికి మగ్గం ఎదుటి కిటికీలోంచి వీధిన పోయేవాళ్ళ కాళ్ళు తప్ప మరేమీ కనిపించవు. కోటిలింగం ఆ కాళ్ళను బట్టే ఎవరు ఎటు పోతున్నారో, ఏ ఇంట్లో తగువైందో చెప్పేవాడు. తప్పేవాడు కాదు, అది నేనూ ఒప్పుకుంటాను.

కాసేపటికి ఎదురింటి సుభద్ర నీళ్ళకు పోతూ కిటికీ ముందు నుంచి నడిచింది. వేళ్ళకు మెట్టెలు లేవు. ఆమె మొగుడు బతుకుతెరువుకు దూరాన భివండీ మగ్గాలకు పోయాడు, రెండు నెలలుగా ఉత్తరం లేదు. కోటిలింగం గుంటలోంచి ఒక్క ఊపున లేచాడు. అరుగు మీది ఆడవాళ్ళ దగ్గరికి పోయి, చావు కబురు వచ్చినట్టుంది, అత్తకు చెప్పలేక పిల్ల దాచుకుంటోంది అన్నాడు.

సుభద్ర బిందెతో తిరిగి వచ్చేసరికి అత్త నేలమీద పడి గుండెలు బాదుకుంటోంది. పిల్ల నోరు తెరిచేలోగా, పెద్దవాళ్ళమనుకునే ఇద్దరు ఆమె ఎడమచేతి గాజులు చితక్కొట్టారు. వాళ్ళెవరో నాకు తెలుసు. ఇప్పటికీ వాళ్ళ ఇళ్ళలో మంచినీళ్ళు ముట్టను. సుభద్ర పైట కిందనుంచి పసుపుతాడు లాగి చూపించింది. మెట్టెలు దానికే కట్టి ఉన్నాయి. వానల బురదకు వేళ్ళ సందులు ఒరిసి వాచిపోతే, తీసి మెడలో కట్టుకుంది.

నెత్తురు కారుతున్న చేత్తో తిన్నగా గురువుగారి గుమ్మంలోకి వచ్చి నిలబడింది.

"నా మొగుడు బతికుండగానే ఈ చెయ్యి ఎందుకు బోడిదైందో మీ శిష్యుణ్ణి అడగండి తాతా."

కోటిలింగం తల దించలేదు. తాను అబద్ధమాడలేదన్నాడు. కాళ్ళకు మెట్టెలు లేని మాట నిజమే కదా అన్నాడు.

గురువుగారు కండె పక్కన పెట్టారు.

"నిజమే నాయనా. చెప్పడానికి గుంటలోంచి లేచావు. చూడడానికి లేవలేదేం?"