బుజ్జిబండికి దిష్టిచుక్క

అనగనగా ఒక ఊళ్ళో... ఉండుండు, ఈ కథ ఊళ్ళో కాదే అమ్మడూ. ఆకాశంలో, మబ్బులకి ఎంతో పైన, భూమి చుట్టూ తిరిగే ఒక ఇంట్లో. ఆ ఇంట్లో ముగ్గురే మనుషులు. అందులో మన తెలుగుపిల్ల హైమ ఒకతె. అక్కడ బావి లేదు, వాన లేదు. వాడిన నీళ్ళనే ఒక యంత్రం వడగట్టి మళ్ళీ ఇస్తుంది. ఛీ అనకు, శుభ్రంగానే ఉంటాయి!

ఒకరోజు ఆ యంత్రంలో జల్లెడ పాడైపోయింది. ఇంక మూడు రోజులకే నీళ్ళున్నాయి. కొత్త జల్లెడ రాకపోతే ఇల్లు వదిలేసి ముగ్గురూ కిందికి దిగిపోవాల్సిందే. హైమ అక్కడ చిన్న కుండీలో టమాటా మొక్క పెంచుతోంది. అప్పుడే మొదటి పువ్వు పూసింది. దాన్ని వదిలి ఎలా వస్తుంది చెప్పు?

అప్పుడు కింద, సముద్రం ఒడ్డున, బుజ్జిబండిని సిద్ధం చేశారు. దానికి డ్రైవరు లేడు. ముందున్న రెండు గాజుకళ్ళతో దారి చూసుకుంటూ తనంతట తనే వెళ్తుంది. అందులో సామాను సర్దేది చెంగమ్మ. ఆవిడ సర్దితే చెంచా కూడా కదలదు. ముందు జల్లెడ పెట్టింది. ఆ తర్వాత మేజోళ్ళు పెట్టింది. ఆ తర్వాత, ఇంకేం పెడుతుంది, గోంగూర పచ్చడి పెట్టింది.

తలుపు మూశాక బండిని చూసి మురిసిపోయింది. "నా తల్లే, ఎంత ముద్దుగా ఉన్నావే! అందరి కళ్ళూ నీమీదే" అని వేలితో తన కంటి కాటుక తీసి బుగ్గన ఇంత చుక్క పెట్టేసింది. పసిపిల్లలకి పెట్టమూ, అలాగే. గుండ్రంగా మెరుస్తోంది కదా, అదే బుగ్గ అనుకుంది పిచ్చితల్లి. అది బండి కన్ను!

బండి రయ్యిమని ఎగిరింది. రెండు రోజులు తిరిగి తిరిగి పైనున్న ఇంటి దగ్గరికి చేరింది. దగ్గరికి వెళ్ళగానే, అమ్మో, ఎదురుగా ఏదో నల్లగా ఉందని వెనక్కి వచ్చేసింది. ఆ తర్వాత మళ్ళీ వెళ్ళింది, మళ్ళీ వెనక్కి వచ్చింది. మూడోసారీ అంతే. ఇంక ఒక్కసారికి సరిపడా ఇంధనమే మిగిలింది.

కింద పెద్ద ఇంజనీరు పెంచలయ్యగారు తల పట్టుకున్నారు. "అక్కడేదో రాయి అడ్డం ఉంది. బండి గుద్దుకుంటే ఆ ముగ్గురి ప్రాణాలకే ముప్పు. వెనక్కి తిప్పేద్దాం" అన్నారు.

బండి కళ్ళు చూసేదంతా అక్కడ ఒక తెర మీద కనిపిస్తుంది. వెనకాల నిలబడ్డ చెంగమ్మ ఆ తెర మీద నల్లమచ్చని చూసింది. తన వేలిముద్ర తనకి తెలీదూ? చెబితే ఉద్యోగం పోతుందేమో. చెప్పకపోతే హైమకి నీళ్ళుండవు. చీరకొంగు నోటికి అడ్డం పెట్టుకుని ముందుకొచ్చింది.

"అయ్యా, అది రాయి కాదు. నేను పెట్టిన దిష్టిచుక్క."

"కాటుకా? బండికా?" అని పెంచలయ్యగారు ఒక్క అరుపు అరిచారు. అందరూ నోళ్ళు తెరిచారు. చెంగమ్మ తల దించుకుంది. అప్పుడు ఆయన మొహం వెలిగిపోయింది. "అంటే అక్కడ అడ్డం ఏమీ లేదన్నమాట! ఒరే, ఆ కన్ను మూసెయ్యమని బండికి చెప్పండి. రెండోదానితో నెమ్మదిగా వెళ్తుంది."

బుజ్జిబండి ఒక కన్ను మూసుకుంది. మెల్లగా, మెల్లమెల్లగా వెళ్ళి ఇంటి తలుపుకి టక్కున అతుక్కుంది. కింద అందరూ ఎగిరి గంతులేశారు. చెంగమ్మ ఏడ్చింది, నవ్వింది, మళ్ళీ ఏడ్చింది.

పైన హైమ జల్లెడ బిగించింది. మొదటి చుక్క నీళ్ళు టమాటా మొక్కకే పోసింది. ఆ తర్వాత గోంగూర నాలికకి రాసుకుని, కాటుక సంగతి అప్పటికే విన్నది కదా, రేడియోలో "చెంగమ్మత్తా, మాకెవరి దిష్టీ తగల్లేదులే!" అంది.

మరి చెంగమ్మ ఉద్యోగమా? మర్నాడు పెంచలయ్యగారు రంగుడబ్బా పట్టుకొచ్చారు. కొత్త బండికి, కళ్ళకి బాగా దూరంగా, తెల్లటి సున్నా చుట్టారు. దాని కింద తన చేత్తోనే "చెంగమ్మ చుక్క ఇక్కడ" అని రాశారు. ఆ చుక్క పెట్టందే ఇప్పటికీ ఏ బండీ కదలదు.

నీ చుక్క బుగ్గ మీదే ఉందిలే, తడుముకోకు. ఇక రెండు కళ్ళూ మూసుకో.

నీళ్ళు మొక్కకి,
చుక్క బుగ్గకి,
కథ కంచికి,
నువ్వు నిద్రకి.