గుంజ పక్కన బొల్లన్న

కళ్లంలో వరి పనలు పరిచి, నడిమిన గుంజ పాతి, నాలుగు ఎడ్లని ఒకే తాడుకి వరసగా కట్టి తొక్కిస్తున్నాడు రైతు సింహాద్రి. గుంజ పక్కన నడిచేది ముసలి ఎద్దు బొల్లన్న. పన్నెండేళ్లుగా ఆ చోటు ఆయనదే. ఇంకెవరైనా అక్కడ నిలబడితే మూడేళ్లు మాట్లాడడు. తాడు చివరన కర్రిగాడు, కోడె వయసు, నడకంటే పరుగే. మధ్యలో ఇద్దరున్నారు. ఎవరేమన్నా తల ఊపుతారు, వాళ్ల సంగతి అంతే.

రాలిన గింజల కోసం చుక్కమ్మ అనే కోడిపెట్ట ఆ ఎడ్ల కాళ్ల నడుమే తిరిగేది. దాని మీద ఒక నక్కకి కన్ను. ఎడ్లు తిరుగుతున్నంతసేపూ గిట్టల భయం. అవి ఆగి, రైతు పక్కకెళ్తే చాలు, కోడి తనదే.

మధ్యాహ్నం ఎడ్లకి కుడితి పెట్టినప్పుడు నక్క కంచె దగ్గరికొచ్చి బొల్లన్నని పలకరించింది.

"మావా, ఒక మాట అడుగుతా. కోపం తెచ్చుకోవుగా?"

"తెచ్చుకుంటా. అడుగు."

"చుట్టుకి నువ్వెన్ని అడుగులేస్తావు?"

"ఎనిమిది," అన్నాడు బొల్లన్న. తొమ్మిదోది ఎప్పుడూ వేసి ఎరగడు.

"కర్రిగాడు నలభై వేస్తాడు. పొద్దుటి నుంచీ చూస్తున్నాగా. పని వాడిది, పెద్దరికం నీది. నువ్వు తోకున్న గుంజవి మావా."

బొల్లన్న కుడితి సగంలో వదిలేశాడు. పన్నెండేళ్లు తను చేసింది నిలబడటమేనా? కాళ్లు నాలుగూ ఎవరివో తెచ్చి తగిలించినట్టున్నాయి. గుంజ దగ్గరికి తోలుకెళ్తే అడ్డంగా పడుకున్నాడు.

"ఏమైంది తాతా?" అన్నాడు కర్రిగాడు.

"నన్ను చివరన కట్టాలి. నలభై నేనూ వేస్తా."

"ఈ వయసులోనా?"

"పోయిన కోతలప్పుడు తొట్టి దగ్గర నీ తోక నా మూతికి తగిలింది. నేను మర్చిపోలేదు. నువ్వు మాట్లాడకు."

ఎంత అదిలించినా లేవకపోయేసరికి సింహాద్రి విసుగెత్తి ఇద్దరి చోట్లూ మార్చి కట్టాడు.

మొదటి చుట్టుకి బొల్లన్న నాలిక బయటికొచ్చింది. రెండో చుట్టుకి అది లోపలికెళ్లడం మర్చిపోయింది. అక్కడ గుంజ దగ్గర కర్రిగాడికి నిదానం చేతకాదు. బొంగరంలా తిరిగి తిరిగి, "తాతా, ఆకాశం కిందికొచ్చింది," అని కూలబడ్డాడు. మధ్యలో ఇద్దరూ అలవాటుగా తల ఊపి, వాళ్లూ కూలబడ్డారు. సింహాద్రి నీళ్లకని బావి దగ్గరికి పరుగెత్తాడు.

ఇదే అదునని నక్క దూకింది. చుక్కమ్మ గోలపెట్టి ఎగిరి బొల్లన్న కొమ్ము మీద కూర్చుంది. ఇంతలో సింహాద్రి అడుగుల చప్పుడు. పారిపోయే దారిలేక నక్క పరిచిన వరిలోకి దూరి నక్కింది.

"తాతా," అన్నాడు కర్రిగాడు, సింహాద్రి చల్లిన నీళ్లు మొహాన కారుతుండగా, "అక్కడ కళ్లు తిరక్కుండా ఎట్టా ఉంటావు? నువ్వు అంత నిదానంగా ఉండబట్టే మేం పరిగెత్తగలుగుతున్నాం."

బొల్లన్నకి ఆ మాట కుడితి కంటే కమ్మగా ఉంది. కాళ్లు నాలుగూ మళ్లీ తనవయ్యాయి. తాడు విప్పగానే వెళ్లి గుంజ పక్కన నిలబడ్డాడు. సింహాద్రి పాత వరసలోనే కట్టి అదిలించాడు.

రెండడుగులు వేశారో లేదో, కింద నుంచి గొంతు. "మావా, నేనిక్కడున్నా. కాస్త ఆగు."

"గుంజ ఆగడమేంటి, నడవడమేంటి? పని చేసేది కర్రిగాడు. వాణ్ణడుగు."

"కర్రి నాయనా, ఆగయ్యా."

"నేను తాడెటు పోతే అటు పోయేవాణ్ణి. పెద్దాయన్నడుగు."

నక్క మధ్యలో ఇద్దర్నీ బతిమాలింది. వాళ్లు సరేనన్నట్టు తల ఊపి, తొక్కుకుంటూ పోయారు.

సాయంత్రం గడ్డి దులిపితే నక్క బయటపడింది. తోక మీద ఒక్క వెంట్రుక లేదు. కుంటుకుంటూ పోతుంటే బొల్లన్న పిలిచాడు.

"అల్లుడూ, నీ మీద ఎన్ని అడుగులు పడ్డాయో చూసుకున్నావా? నావి మాత్రం చుట్టుకి ఎనిమిదే."

నీ పని విలువ నీతో ఒకే తాడుకి నడిచేవాణ్ణడుగు, కంచె అవతల నిలబడి అడుగులు లెక్కపెట్టేవాణ్ణి కాదు.