స్నానానికెళ్ళిన కోడలు

అనగనగా అంటే మన ఊళ్ళో కాదు చిట్టీ, మన దేశంలో కూడా కాదు. ఎన్నో సముద్రాలకి అవతల, వెయ్యేళ్ళ కిందట, కాన్‌స్టాంటినోపుల్ అని ఒక మహాపట్నం ఉండేది. ఆ పట్నంలో కొవ్వొత్తులు పోసేవాళ్ళ వీధి ఒకటి. ఆ వీధిలో థియోఫానో అని ఒక అత్తగారు ఉండేది.

ఆవిడకి మొగుడు పోయాడు. ఉన్నది ఒక్కడే కొడుకు, మనువేలు. అతను కింద కొట్లో కొవ్వొత్తులు పోసి అమ్ముకునేవాడు. మేడ మీద అత్తగారూ, కొత్తగా కాపురానికొచ్చిన కోడలు ఫొతినీ ఉండేవాళ్ళు.

ఆ రోజుల్లో అక్కడ మర్యాదగల ఇంటి ఆడవాళ్ళు ఊరికే గడప దాటకూడదు. ఉన్ని వడుక్కోవాలి, మగ్గం నేసుకోవాలి, పిల్లల్ని సాక్కోవాలి. దాటితే మూడు చోట్లకే దాటాలి. చర్చికి, చుట్టాలింట్లో పురుడొస్తే అక్కడికి, ఊరి స్నానశాలకి. అదైనా నెత్తి మీద ముసుగుండాలి.

ఫొతిని నెమ్మదస్తురాలే. అమ్మా నాన్నా లేరు, సన్యాసినుల మఠంలో పెరిగింది అని చెప్పి సంబంధం కుదిర్చారు. ఆ పిల్లకి వంకపెట్టడానికి ఏమీ లేదు. అదే అత్తగారికి అనుమానం. ఏ వంకా లేని కోడలు ఎక్కడుంటుంది?

ఫొతిని మంగళవారం, శుక్రవారం స్నానశాలకి వెళ్ళేది. ఒక మంగళవారం తిరిగొచ్చి ముసుగు తీసింది. థియోఫానో చూసింది. జుట్టు పొడిగా ఉంది! ఝాముసేపు స్నానం చేసొచ్చిన మనిషికి ఒక్క వెంట్రుకా తడవలేదు.

"ఏమ్మాయ్, తల తడుపుకోలేదా?" అంది.

"జలుబుగా ఉంది అత్తయ్యా," అంది ఫొతిని, తల వంచుకుని.

ఆ తర్వాత శుక్రవారం వచ్చింది. ఈసారి థియోఫానో కోడలి చేతులు చూసింది. గోళ్ళ సందుల్లో మసి. స్నానానికి వెళ్ళి మసి పూసుకొచ్చేవాళ్ళుంటారా?  ఆ వేళ ఆవిడకి అన్నం సయించలేదు.

ఆ తర్వాత మళ్ళీ మంగళవారం వచ్చింది. ఫొతిని బయల్దేరబోతూ, అటూ ఇటూ చూసి, ఒక రొట్టె తీసి వదులు చేతుల అంగీ మడతల్లో దాచుకుంది. తలుపు సందులోంచి అత్తగారు చూడనే చూసింది.

సరిగ్గా అప్పుడే పక్కింటి జోయీ కిటికీలోంచి తొంగి చూసి, "మీ కోడలు ఎంత శుభ్రం వదినా! వారానికి రెండు స్నానాలు!" అని నవ్వింది. ఆ నవ్వు థియోఫానో గుండెలో ముల్లులా దిగింది.

ఎవరికోసం ఆ రొట్టె? ఎవడో ఉన్నాడు. పరాయి మగవాళ్ళున్న స్నానశాలలో కనబడ్డ ఆడదాన్ని మొగుడు వదిలెయ్యొచ్చని ఆ రాజ్యంలో చట్టం ఉండేది. పిచ్చి మనువేలుకి ఇవేమీ తెలియవు, కింద కూచుని మైనం కాచుకుంటున్నాడు.

అప్పుడు థియోఫానో ముసుగేసుకుని కోడలి వెనకాలే బయల్దేరింది.

ఫొతిని గబగబా నడిచింది. స్నానశాల ముందు తలుపు వచ్చింది. ఆ పిల్ల లోపలికి వెళ్ళలేదు! పక్క సందులోకి తిరిగి, వెనకవైపు తలుపు తోసుకుని మాయమైపోయింది. అది నీళ్ళు కాచే పొయ్యిల గది. కట్టెలు వేసే మగవాళ్ళు తిరిగే చోటు.

థియోఫానో ఆ తలుపు దగ్గరే ఆగింది. వెనక్కి పోదామా అనుకుంది. కొడుకుని పిలుద్దామా అనుకుంది. చివరికి, నా కళ్ళతోనే చూస్తాను అనుకుని తలుపు తోసింది.

లోపల పొగ, ఆవిరి. మగవాడెవడూ లేడు. కోడలు చేతులు పైకి మడిచి, రెండు రాగి బిందెలు మోస్తోంది. పొయ్యి పక్కన ముక్కాలిపీట మీద ఒక ముసలావిడ కూచుని రొట్టె తుంపుకుని తింటోంది. రెండు మోకాళ్ళకీ గుడ్డలు చుట్టి ఉన్నాయి.

"ఇంకో నాలుగు బిందెలే అమ్మా, నువ్వు లేవకు," అంటోంది ఫొతిని.

అమ్మా?

"తల్లి లేదన్నావు కదే!" అని అరిచింది థియోఫానో.

ఫొతిని చేతిలోంచి బిందె జారిపోయింది. నేలంతా నీళ్ళు. 

ముసలావిడే గోడ పట్టుకుని లేచింది. "దాన్ననకండి అమ్మగారూ, ఆ అబద్ధం నాది. నా పేరు మాక్రినా. నేను నాటకశాలలో నాట్యం చేసిన మనిషిని. మా లాంటి వాళ్ళ పిల్లని ఎవరు చేసుకుంటారు? అందుకే చంటిగా ఉన్నప్పుడే మఠంలో ఇచ్చేసి, దానికి ఎవరూ లేరని చెప్పాను. చాటుగా వెళ్ళి చూసొస్తూ ఉండేదాన్ని. వయసు మళ్ళాక ఇక్కడ నీళ్ళు మోసే పని దొరికింది. ఇప్పుడు మోకాళ్ళు పోయాయి. నేను మొయ్యలేనని తెలిస్తే పని తీసేస్తారని, అదొచ్చి మోస్తోంది."

థియోఫానోకి అనుమానం పోలేదు, పెరిగింది. నాటకాలాడిన మనిషి! ఈ గోడు మాత్రం నాటకం కాదని నమ్మకమేమిటి? రొట్టెతో మొదలుపెట్టి రేపు ఇల్లే దోచుకుంటుందేమో? ఆ మోకాళ్ళకి గుడ్డలు నిజంగానే చుట్టుకుందా?

వంగి, తన చేత్తోనే ఒక గుడ్డ విప్పి చూసింది. మోకాలు సొరకాయంత వాచి ఉంది. మెల్లిగా మళ్ళీ చుట్టేసింది. ముసుగు సర్దుకుని ఇంటికొచ్చేసింది.

మూడు రోజులు కోడలితో మాట్లాడలేదు, కొడుకుతో చెప్పలేదు. ఫొతిని మాత్రం అత్తగారి అడుగుల చప్పుడు వింటేనే మగ్గం చాటుకి తప్పుకునేది.

శుక్రవారం పొద్దున్న థియోఫానో ముసుగేసుకుని, "పద," అంది.

వాళ్ళు వెళ్ళేసరికి పొయ్యిల గదిలో గొడవ. స్నానశాల పెద్ద, ఒక లావుపాటి ఆడమనిషి, మాక్రినా మూట బయటికి విసిరేస్తోంది. స్నానానికొచ్చిన ఆడవాళ్ళంతా తడి బట్టలతో తలుపు దగ్గర మూగారు. వాళ్ళలో పక్కింటి జోయీ కూడా ఉంది.

"ఇదిగో, దీని బదులు నీళ్ళు మోసేది ఈ పిల్లే!" అంది ఆ పెద్ద, ఫొతినిని చూసి. "ఎవరమ్మా నువ్వు? ఇది నీకేమవుతుంది?"

ఫొతిని తల్లిని చూసింది, అత్తగారిని చూసింది. తల్లి వద్దు వద్దని తలూపుతోంది. జోయీ మెడ చాచింది.

అప్పుడు థియోఫానో ముసుగు వెనక్కి తోసి ముందుకొచ్చింది. "ఇది నా కోడలు. ఈవిడ మా వియ్యపురాలు. ఆ మూట ఎవరు విసిరారో వాళ్ళే తెచ్చి చేతికియ్యండి."

 స్నానశాల పెద్ద మూట తెచ్చి ఇచ్చింది.

"పదండి వదినగారూ," అంది థియోఫానో. మాక్రినాని ఒకవైపు కూతురూ, ఒకవైపు వియ్యపురాలూ పట్టుకుని నడిపించారు.

ఇంటికొచ్చాక మనువేలుకి సంగతంతా తెలిసింది. అతనికి మొహం ఎర్రబడిపోయింది. "అబద్ధం చెప్పి నన్ను చేసుకుందా అమ్మా!" అన్నాడు.

"నిజం చెబితే నేను చేసుకోనిచ్చేదాన్నా?" అంది థియోఫానో.

మనువేలు వెళ్ళి పొయ్యి ముందు కూలబడ్డాడు. చాలాసేపు మైనం కలుపుతూ కూచున్నాడు. ఆ తర్వాత లేచి, మెట్ల కింద కూచున్న తన అత్తగారు మాక్రినాని ఎత్తుకుని మేడ మీదికి తీసుకెళ్ళాడు. ఆ మోకాళ్ళతో ఆవిడ మెట్లెక్కలేదు కదా మరి!

అయితే థియోఫానో అనుమానం ఒక్కరోజులో పోయిందనుకున్నావా? లేదు. ఓ నెల్లాళ్ళు తేనె జాడీ మీద ఒక కన్నేసే ఉంచింది. ఆ తర్వాత ఒకనాటి మధ్యాహ్నం, ఉన్ని వడుకుతూ వడుకుతూ ఉన్నట్టుండి లేచి, జోయీ ఇంటివైపు కిటికీ గట్టిగా మూసేసింది. వియ్యపురాలి దగ్గరికొచ్చి కూచుని, గొంతు తగ్గించి అడిగింది.

"వదినగారూ, ఆ నాట్యం ఎలా చేసేవాళ్ళు? ఒక్కసారి చూపించండి."

మాక్రినా లేవలేదు కదా, రెండు వేళ్ళు బల్ల మీద నిలబెట్టి చూపించింది. ఆ వేళ్ళు గెంతాయి, తిరిగాయి, వంగి దణ్ణం పెట్టాయి. థియోఫానో నోటికి కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. పెళ్ళయి వచ్చాక ఆవిడ అలా నవ్వడం అదే మొదలు. అవతల జోయీ గోడకి చెవి ఆనించి, వీళ్ళేం చేస్తున్నారబ్బా అని జుట్టు పీక్కుంది.

కథ వెళ్ళె కంచికి,
కునుకొచ్చె కంటికి,
దుప్పట్లో దూరేసి
మనమిద్దరం ఇంటికి.