రాజుగారు ధారపోసింది

కూర్చోండి. కాళ్లు ముడుచుకుని కూర్చోండి, ఆ అనపకాయల బుట్ట తన్నకండి. నేను ఒలుస్తూ చెప్తాను, మీరు వింటూ ఒలవండి. పొద్దున్నుంచి చేశాను, చేశాను, నడుం విరిగిపోయింది. ఏం చేశావమ్మమ్మా అని అడిగిన వాళ్లు ఈ ఇంట్లో ఒక్కరూ లేరు. సరే, పోనీండి.

అనగనగా ఒక రాజున్నాడు. పేరు వీరధరుడు. ఆయనకొక రాణి, చంద్రప్రభ. వాళ్లకు ముగ్గురు కొడుకులు. పెద్దవాడు జలధరుడు, నడిమివాడు హలధరుడు, చిన్నవాడు మణిధరుడు. ఈ పేర్లు బాగా గుర్తు పెట్టుకోండి. తర్వాత అడుగుతాను.

ఆ రాజ్యంలో ఒక ఆచారం ఉండేది. రోజూ తెల్లారగానే కోటగుమ్మం ముందు రంగప్ప అనేవాడు డప్పు కొట్టి, రాజుగారు నిన్న ఏం చేశారో ఊరందరికీ చాటేవాడు. రాజుగారి తాతల కాలంలో ఆ చాటింపు పూర్తిగా ఉండేది. "రాజుగారు పడమటి పేటలో తెగిన కాలవ గట్టు వేయించారు, కుమ్మరి సోమయ్యకు రెండెడ్లు ఇప్పించారు" అని రంగప్ప తాత చాటేవాడు. వినేవాళ్లకు గట్టూ తెలిసేది, సోమయ్యా తెలిసేవాడు.

వీరధరుడికి అంత ఓపిక లేదు. సోమయ్యలాంటివాళ్ల పేర్లు మధ్యలో ఎందుకు, ఎడ్ల సంగతి ఎందుకు అన్నాడు. రంగప్ప వాటిని చివరికి నెట్టి, డప్పు మోతలో మెల్లగా చెప్పడం మొదలుపెట్టాడు. కొన్నాళ్లకు ఆ చెప్పడమూ మానేశాడు. "రాజుగారు ఇచ్చారు. రాజుగారు కట్టించారు. రాజుగారు గెలిచారు." అంతే చాటింపు. రాజుగారికి చెవుల పండగ. రాణిగారికి ముగ్గురు కొడుకులు పుట్టిన మూడుసార్లూ రంగప్ప "రాణిగారు కన్నారు" అన్నాడే గానీ, ఎవర్ని కన్నదో చెప్పలేదు.

రాజుగారి ఇంట్లో ఎలా ఉంటే ఊళ్లోనూ అలాగే కదా. సాలెవాడు "నేశాను" అనేవాడు, రైతు "పండించాను" అనేవాడు. ఏం నేశాడో, ఏం పండించాడో, ఎవరి కోసమో చెప్పడం చిన్నతనమైపోయింది. ఒక్క వంటశాలలో ఈరమ్మ అనే ముసలమ్మ మాత్రం పాత పద్ధతి వదల్లేదు. "బీరకాయ కూర వండాను, చినబాబు మణిధరుడికి అన్నం పెట్టాను" అని రోజూ పైకే చెప్పుకునేది. ఆవిడ వాగుడు చూసి దాసీలు నవ్వుకునేవాళ్లు.

ఒకరోజు సభకు ఒక బైరాగి వచ్చాడు. బైరాగి కాదులెండి, ధూమకర్ణుడనే మాంత్రికుడు. "మహారాజా, మీ రాజ్యంలో ఎవరూ నోటితో చెప్పుకోకుండా పక్కన పెట్టేసినవి ఉంటాయి. అవి నాకు ధారపోయండి. ఇంకేం వద్దు" అన్నాడు.

చెప్పుకోనివంటే చెత్తా చెదారం అనుకున్నాడు రాజు. చెంబు తెమ్మన్నాడు. ఈరమ్మే చెంబుతో నీళ్లు తెచ్చింది. రాజుగారు ధారపోశారు.

మర్నాడు రంగప్ప డప్పు కొట్టి "రాజుగారు ధారపోశారు" అని చాటాడు. ఏం ధారపోశారు? ఎవరికి? ఎవరూ అడగలేదు. అడిగే అలవాటు ఉంటే కదా. అడక్కపోవడం పాడు అలవాటు, ఆ ఊరివాళ్లే చేయగలిగిన తప్పు అది.

ఆ రోజు నుంచి ఊళ్లో పనులు జరిగేవి, ఏమీ మిగిలేది కాదు. సాలెవాడు పొద్దస్తమానం నేసి "నేశాను" అనగానే మగ్గం బోసిగా ఉండేది. ఇల్లాలు వండి "వండాను" అనగానే కుండ ఖాళీ. రైతు కోసి "కోశాను" అంటే కళ్లంలో గింజ లేదు. చేతులు నొప్పులు, కళ్లు మంటలు, కడుపులో ఆకలి. నిన్న ఏం చేశామో కూడా గుర్తుండేది కాదు, చేశామన్న అలసట మాత్రం ఉండేది. ఆ అలసట ఎలాంటిదో నాకు తెలుసు తల్లీ, మీకు తెలియక్కర్లేదు.

జలధరుడు, హలధరుడు కూడా మాయమయ్యారు. రాణిగారు "కన్నారు" అంతే కదా మరి. ఎవర్ని కన్నదో చెప్పుకోలేదు గనక వాళ్లూ మాంత్రికుడి పాలయ్యారు. మణిధరుడొక్కడు మిగిలాడు. రోజూ ఈరమ్మ వాడి పేరు చెప్పి అన్నం పెడుతోంది గనక.

ఒకనాడు మణిధరుడు మేడమీదికి వెళ్లాడు. రాణి పిట్టగోడ దగ్గర కూర్చుని ఏడుస్తోంది.

"ఎవరి కోసం ఏడుస్తున్నావమ్మా?"

"ఏమో నాయనా. ఏడుస్తున్నాను" అంది రాణి. కాసేపు వాడి మొహం చూసి, "నువ్వు ఎవరబ్బాయివి? అలిసిపోయినట్టున్నావు, మీ అమ్మ ఎదురుచూస్తుంటుంది, ఇంటికెళ్లు" అంది.

మణిధరుడు మెట్లు దిగి వంటశాలకు వెళ్లి ఈరమ్మ పక్కన కూలబడి ఏడ్చాడు. ఈరమ్మ వాడి కళ్లు తుడిచి, చెంబు నీళ్ల సంగతి చెప్పింది. "మీ నాన్నగారితో చెప్పాను, వినే ఓపిక లేదన్నారు. ఊళ్లో చెప్పాను, వాళ్లకూ లేదన్నారు. ఆ మాంత్రికుడుండేది ఏడు సముద్రాల అవతల. ధారపోసింది మళ్లీ తేవాలంటే ఆయన రక్తం పంచుకున్నవాడే వెళ్లాలి చినబాబూ. నువ్వు వెళ్లు. నువ్వు లేకపోయినా రోజూ నీ పేరుతో ఆకు వేసి వడ్డిస్తాను. నాకు ప్రాణం ఉన్నన్నాళ్లూ నువ్వు చెరిగిపోవు."

ఆవిడకు అప్పటికే ఎనభై దాటాయి. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు. అందుకే మణిధరుడు ఆ పూటే బయల్దేరాడు.

సముద్రపు ఒడ్డున ఒక ముసలి తాబేలు కళ్లు మూసుకుని పడుకుంది. "నన్ను లేపకు బాబూ. ఎంతోమంది రాకుమారుల్ని దాటించాను. ఒడ్డు దిగగానే ప్రతివాడూ 'సముద్రం దాటాను' అని మీసం తిప్పుకున్నవాడే. నా వీపు ఊసు ఒక్కడెత్తలేదు. విసుగొచ్చింది" అంది.

"నేను ఎత్తుతాను తాతా" అన్నాడు మణిధరుడు.

ఏడు సముద్రాలు దాటాడు. ఏమిటే ఆ చూపు? అన్నీ చెప్పాలా? నాకు ఓపిక... సరే, చెప్పాల్సిందే, ఈ కథలో దాటవేయకూడదు. ఉప్పు సముద్రం, చెరకు రసం సముద్రం, కల్లు సముద్రం. కల్లు సముద్రంలో తాబేలు కాస్త అటూ ఇటూ తూలింది. తర్వాత నేతి సముద్రం, పెరుగు సముద్రం, పాల సముద్రం, మంచినీళ్ల సముద్రం. ఒక్కొక్కటి దాటగానే మణిధరుడు "తాబేలు తాత నన్ను ఈ సముద్రం దాటించాడు" అని గట్టిగా చెప్పాడు. చెప్పినప్పుడల్లా తాబేలు మెడ కాస్త బయటికొచ్చింది.

ఏడో సముద్రం అవతల దీవి. దీవి నిండా గుట్టలు. చీరల గుట్టలు, ధాన్యం గుట్టలు, పొగలు కక్కుతున్న కూరల కుండలు. ఒక గుట్ట మీద జలధరుడు, హలధరుడు కూర్చుని ఉన్నారు. "అన్నా" అంటే వాళ్లు తెల్లమొహం వేశారు. ఆ పక్కనే ఒకమ్మాయి బియ్యంలో రాళ్లేరుతోంది.

మణిధరుడు తనెవరో చెప్పగానే "నా పేరు తరళ" అందామె. "మా నాన్న కూడా రాజే. మీ నాన్నగారి చాటింపు విని ముచ్చటపడి నేర్చుకున్నాడు. ఈ మాంత్రికుడికి మీ నాన్నగారికంటే ముందే ధారపోశాడు. నాకు పెళ్లి కుదరకముందే గొప్పకోసం 'రాజుగారు కన్యాదానం చేశారు' అని చాటించుకున్నాడు. ఏ కన్యనో, ఎవరికో చెప్పలేదు. తెల్లారేసరికి ఇక్కడున్నాను. రాళ్లేరుతున్నాను, ఎనిమిదేళ్లయింది."

"ఈ మాంత్రికుడికి చావెక్కడుంది?"

"ప్రాణం చిలకలో ఉంది. చిలక కుండలో ఉంది. కుండలేమో మూడువేలున్నాయి, ఏ కుండో నాకూ తెలియదు. ఆ చిలక ఊసు వాడు పైకెత్తడు. ఎవరైనా వింటారని భయం."

మణిధరుడు ఆ మాట పట్టుకుని చాలాసేపు ఆలోచించాడు. తర్వాత ధూమకర్ణుడి దగ్గరికి వెళ్లి నమస్కారం పెట్టాడు. "అయ్యా, చెప్పుకోనిదల్లా మీది అని మా నాన్న ధారపోశాడు. కాదనను. నాకూ అదే మాట ఇవ్వండి. మీరు చేసి చెప్పుకోనిది నాది."

మాంత్రికుడు పొట్ట పట్టుకుని నవ్వాడు. "పని చేసేవాళ్లు మీరు. నేనేం చేస్తానురా? ఇదిగో, మాటిచ్చాను" అని వాడూ చెంబెడు నీళ్లు ధారపోశాడు.

"భోజనం అయిందా అండీ?" అన్నాడు మణిధరుడు.

"తింటున్నాను" అన్నాడు మాంత్రికుడు. విస్తరి ఒక్క జారు జారి మణిధరుడి ముందుకొచ్చి ఆగింది. మాంత్రికుడి నవ్వు ఆగిపోయింది.

"చేతిలో ఏముందండీ?"

"నా మంత్రదండం పట్టుకున్నాను, నా కుడిచేత్తో పట్టుకున్నాను" అన్నాడు జాగ్రత్తగా. దండం కదల్లేదు.

"మీకు చావు లేదంటారు. ఏం చేశారేమిటి?"

ఎంత మాంత్రికుడైనా పొగడ్తకు పడనివాడుంటాడా? ఛాతీ పొంగిపోయింది. "దాచానురా" అన్నాడు.

"ఏం దాచారు?"

మాంత్రికుడి నోరు తెరుచుకుని అలాగే ఉండిపోయింది. చిలక అంటే దీవంతా వింటుంది, ఇక దాపరికం లేదు. అనకపోతే చిలక మణిధరుడిది. ఏదీ తేల్చుకోలేక నోరు మూసుకున్నాడు. మూడువేల కుండల్లో ఒక కుండ మూత లేచింది. పచ్చటి చిలక ఎగిరొచ్చి మణిధరుడి భుజం మీద వాలింది.

"నాకు పేరు లేదు" అంది చిలక. "వాడు పెంచానంటాడు గానీ, ఎవర్నో చెప్పడు. ఎన్నేళ్లుగానో చీకట్లో ఉన్నాను. అలిసిపోయాను."

"నేను నిన్ను పచ్చాయి అని పిలుస్తాను" అన్నాడు మణిధరుడు. మెడ విరిచేయమని తరళ అనలేదు, వాడూ విరవలేదు. చావు చేతికొచ్చాక మాంత్రికుడు పిల్లిలా వెంట వచ్చాడు. గుట్టలన్నీ మూటలు కట్టి వాడే నెత్తికెత్తుకున్నాడు. తాబేలు తాత అన్నల్నీ తరళనూ కూడా ఎక్కించుకుని ఏడు సముద్రాలూ మళ్లీ దాటించాడు. మళ్లీ మళ్లీ దాటించాడు, మూటలు అన్ని ఉన్నాయి మరి.

కోటకు చేరగానే మణిధరుడు ముందు వంటశాలకు పరిగెత్తాడు. ఈరమ్మ మంచం పట్టింది. లేవలేదు, గొంతు పెగలడం లేదు. మంచం పక్కన నేల మీద ఆకు వేసి ఉంది. ఆకు ముందు రాణిగారు కూర్చుని, గరిటెతో అన్నం వడ్డిస్తోంది. ఈరమ్మ గొంతు పోయిన రోజు నుంచి ఆవిడ మాట తను అందుకుందట. ఎందుకో తెలియకుండానే అందుకుంది.

"మణిధరుడికి అన్నం పెట్టాను" అంది రాణి, రోజూ అన్నట్టే. అని, తలెత్తి చూసింది.

గుమ్మంలో ముగ్గురు నిలబడి ఉన్నారు. రాణి గరిటె కింద పెట్టి వాళ్ల మొహాల వైపు ఒక్కొక్కటే చూసింది. "నేను కన్నాను" అంది. ఆగింది. మణిధరుడు నోటి దాకా వచ్చిన మాట మింగేశాడు, అది ఆవిడే చెప్పాలి. చాలాసేపటికి రాణి లేచింది. "నేను జలధరుణ్ణి కన్నాను. హలధరుణ్ణి కన్నాను. ఈ మణిధరుణ్ణి కన్నాను" అని ముగ్గుర్నీ కలిపి పట్టుకుని ఏడ్చింది. ఈసారి ఎవరి కోసం ఏడుస్తోందో ఆవిడకు తెలుసు.

మూటలు విప్పారు. ఎవరు నేసిన చీర వాళ్లు "ఇది నేను ఫలానావాళ్లకు నేశాను" అని చెప్పి తీసుకున్నారు. మూడు రోజులు పట్టింది. ఊరంతా అన్నం తిని పడుకుంది, ఒక పగలంతా పడుకుంది.

మర్నాడు రాజుగారు స్వయంగా కోటగుమ్మం దగ్గరికి వచ్చి, రంగప్ప చెవిలో చాటింపు చెప్పారు. రంగప్ప డప్పు కొట్టాడు.

"ఈరమ్మ మణిధరుడికి రోజూ అన్నం పెట్టింది. తాబేలు మణిధరుణ్ణి ఏడు సముద్రాలు దాటించింది."

రాజుగారి పేరు అందులో లేదు. ఆయనే వద్దన్నాడట.

తరళ తండ్రిని పిలిపించారు. ఆయన తలొంచుకుని "నా కూతురు తరళను మణిధరుడికిచ్చి కన్యాదానం చేస్తున్నాను" అని నలుగురిలో స్పష్టంగా చెప్పాడు, ముందు ఆ పిల్లను ఇష్టమేనా అని అడిగాకే. ఈరమ్మ మంచం మీద నుంచే అక్షింతలు వేసింది. ధూమకర్ణుడు వంటశాలలో ఉల్లిపాయలు తరుగుతున్నాడు, ఏం తరుగుతున్నాడో పైకి చెప్పుకుంటూ. మణిధరుడు, తరళ చాలా ఏళ్లు ఆ రాజ్యాన్ని ఏలారు, ఎవర్ని ఏలుతున్నారో ఒక్కరోజూ మరవకుండా.

అదే కథ. గింజలు అయిపోయాయి, నా ఓపికా అయిపోయింది. కథ చెప్పాను, ఇక లేవండి.

ఏమిటే సుభద్రా, లేవకుండా అలా చూస్తావు? ఏం చేశానంటావా? పొద్దున్నుంచి చేశాను తల్లీ, నాకే గుర్తు లేదు.

"నాకు గుర్తుంది అమ్మమ్మా. పొద్దున తాతయ్య మోకాలికి నూనె రాశావు. తమ్ముడు పుల్లాయికి జ్వరమని జావ కాచావు. నా గౌను చిరిగితే కుట్టావు. ఇప్పుడు మాకు మణిధరుడి కథ చెప్పావు."

ఇలా రా. ఆ బుట్ట పక్కన పెట్టి, ఇలా నా దగ్గరికి రా.