కొండముచ్చు పోగొట్టుకున్న చెవులు

అనగనగా, తారురోడ్డు దాటితే మొదలయ్యే ఒక అడవిలో, బూడిదయ్య అనే కొండముచ్చు ఉండేవాడు. కొండముచ్చులకూ దుప్పులకూ పాత ఒప్పందం ఒకటుంది పిల్లలూ. కొండముచ్చు పైనుంచి లేతాకులు రాలుస్తుంది, పులి జాడ తెలిస్తే కేక వేస్తుంది. కింద దుప్పులు ఆ ఆకులు మేస్తాయి, ఆ కేకను నమ్ముకుంటాయి. చుక్కమ్మ అనే దుప్పి కూడా తన చంటిపిల్లను ఆ నమ్మకంతోనే పెంచుకుంటోంది.

ఇంతలో రోడ్డు పక్కన ఒక డాబా హోటలు వెలిసింది. పొద్దస్తమానం మైకులో పాటలు, టీవీలో రంగురంగుల బొమ్మలు. ఒక్కసారి చూసొద్దామని వెళ్ళాడు బూడిదయ్య. ఇక రోజూ వెళ్ళాడు. తిరిగొచ్చి చెట్టెక్కినా చెవుల్లో ఆ పాటల డప్పులే మోగేవి. చూపు ఒకచోట నిలిచేది కాదు.

మొదట, ప్రమాదముందని నెమలి అరిచిన అరుపు బూడిదయ్య వినలేదు. "పోనీలే," అనుకుంది చుక్కమ్మ. తర్వాత పొద కదలడం చూడలేదు. వచ్చింది అడవిపంది కాబట్టి సరిపోయింది. మూడోసారి చిరుతపులి వచ్చింది. బూడిదయ్య కేక వేసేసరికే దాని పంజా పిల్ల కాలిమీద పడింది. చుక్కమ్మ తెగించి అడ్డం దూకబట్టి పిల్ల ప్రాణం దక్కింది. కాలు మాత్రం కుంటిదైపోయింది.

బూడిదయ్య భోరుమన్నాడు. "తప్పయిపోయింది చెల్లీ! ఇకనుంచి కన్నార్పకుండా కాపలా కాస్తాను."

"నీ ఏడుపు నాకెందుకన్నా? నాకు నీ చెవులు కావాలి," అంది చుక్కమ్మ. "అవింకా ఆ డాబాలోనే ఉన్నాయి. అడవి లోపలి వాగు దగ్గరికెళ్ళి ఊరికే కూర్చో. ఆకు రాలిన చప్పుడు వినబడ్డాక రా. అందాకా మేం పొదలకు దూరంగా, నలుదిక్కులా కనబడే బయల్లోనే ఉంటాం. నీ లేతాకులు లేక అర్ధాకలైనా సరే."

మొదటిరోజు వాగు దగ్గర కూడా డప్పులే వినిపించాయి. లేచి రోడ్డుకు పరుగెత్తాలనిపించింది. పిల్ల కుంటడం గుర్తొచ్చి కూర్చున్నాడు. రెండోరోజు రాళ్ళ మధ్య నీళ్ళ గలగల వినబడింది. మూడోరోజు మనసు తేటపడింది. వెనకెక్కడో మద్దిచెట్టు నుంచి ఒక ఆకు రాలింది. బూడిదయ్య విన్నాడు. అతని కళ్ళు చెమర్చాయి.

తిరిగొచ్చి, రోడ్డుకు దూరంగా ఉన్న చెట్టెక్కాడు. కొన్నాళ్ళకు చిరుత మళ్ళీ వచ్చింది. ఎండుటాకు మీద దాని తొలి అడుగు పడగానే బూడిదయ్య కేక వేశాడు. మంద ఉరికింది. అందరికన్నా వెనక, కుంటుతూ కుంటుతూ, పిల్ల కూడా దాటిపోయింది.

"అంత ముందే ఎలా విన్నావు మామా?" అని అడిగింది పిల్ల.

బూడిదయ్య దాని కాలు చూసి తల దించుకున్నాడు. "నీకు పరుగెత్తడానికి ఎక్కువసేపు కావాలి కదమ్మా, నా మూలాన," అన్నాడు.

నీతి: సందడికి మొద్దుబారిన మనసుకు వాగు ఒడ్డు, చెట్టు నీడే మందు, ఆ మందు దెబ్బ తగలకముందే తీసుకోవాలి.