యజమానిని పోగొట్టుకొనిన నేలకు పరిహార వ్రతము

అందరును అక్షతలు పుచ్చుకొనుడి. గుప్పిలి విప్పరాదు. పిల్లలను ఒడిలో కూర్చుండబెట్టుకొనుడి, కథ ముగియువరకు నేలపై దింపరాదు.

ఏటి ఇసుకతిప్పపై ఊర్ణకుడను ముని శాలంకమునిని ఇట్లడిగెను: "స్వామీ, కలియుగమున సర్కారువారు భూమి తీసుకొనినచో యజమానికి పరిహారమిత్తురట. యజమానిని పోగొట్టుకొనిన భూమికి పరిహారమేది?" శాలంకుడు చెప్పసాగెను.

తుమ్మలగొంది యను ఊర సింగయ్య యను రైతు, భార్య నాంచారమ్మ, ఐదేండ్ల కూతురు బుల్లెమ్మ ఉండిరి. పెద్దచెక్క యనునది వారి పొలము. సర్కారువారు జలాశయము కట్టనెంచి, చెట్లు లెక్కించిరి, బావి కొలిచిరి. సింగయ్య సంతకము చేసి పరిహారము పుచ్చుకొనెను. ఊరు విడుచునాడు నాంచారమ్మ, "ఏమయ్యా, గొడ్డుని అమ్మినా బొట్టు పెట్టి, గుప్పెడు తవుడు తినిపించి సాగనంపుతాం గదా. పొలానికి ఒక్క మాట చెప్పిరా" అనెను. "మట్టికి చెవులుంటయ్యా? బండి కదుల్తా ఉంది, ఎక్కవే" అని సింగయ్య నవ్వెను. అయ్యో, ఎంత మాటనెను! తాను పరాయిదైనట్టు పొలమునకు తెలియనే లేదు.

క్రొత్త కాలనీలో నాపరాళ్లు పరచిన ఇల్లు కట్టుకొనిరి. ఏరువాక వచ్చెను. మిట్టమధ్యాహ్నము రాళ్ల సందులలో జొన్న మొలకలు చాలు తీసినట్టు వరుసగా లేచెను. సింగయ్య పెరికివేసెను. మరునాడు గడప మొదలు పిల్ల మంచము వరకు తడిమట్టి ఉండెను; అడుగుజాడ ఒక్కటియు లేదు. బుల్లెమ్మ అన్నము మాని మట్టి తినసాగెను. ఎవరు పెట్టిరని తల్లి అడుగగా, "మన పొలమే పెడతంది. అయ్య రాలేదు గదా, నన్ను రమ్మంటంది" అనెను.

మందులకు పరిహారము చాలవరకు కరిగెను గాని బిడ్డ కోలుకొనలేదు. అంతట ఒక మధ్యాహ్నము నెఱ్ఱెలు వారిన పాదములతో ముసలమ్మ ఒకతె వచ్చి, యజమానియే పోయి, పొలము మునిగిన జలాశయపు నీటియొడ్డున పసుపు కుంకుమ, తవుడు, చివరిపంట గింజలు ఉంచి, పొలమును పేరుపెట్టి పిలిచి, జరిగినది జరిగినట్టు చెప్పి సెలవడుగవలెననెను. దాహమని నీళ్లు పుచ్చుకొని, త్రాగక నేలపై పోసి వెళ్లిపోయెను.

సింగయ్య వెళ్లెను గాని, సిగ్గుపడి, "నాకేం తెలవదు తల్లీ, సర్కారోళ్లే లాక్కున్నారు" అని సంతకము మాట దాచెను. తిరిగి వచ్చునప్పటికి బుల్లెమ్మ నట్టింట నిలుచుండి కదలలేకుండెను. ఆమె కాలివ్రేళ్ల నడుమనుండి తెల్లని సన్నని వేరులు రాళ్ల సందులోనికి దిగియుండెను. తల్లి ఘొల్లుమనెను.

సింగయ్య పరుగున పోయి నీటియొడ్డున సాగిలపడి, "పెద్దచెక్కా! నేనే సంతకం పెట్టినా. డబ్బు తీసుకున్నా. నీకు చెప్పకుండా వచ్చినా. ఇంక నేను రాను, నా కోసం చూడమాక. నా బిడ్డని వదిలిపెట్టు తల్లీ!" అని ఏడ్చెను. గాలి లేని నీటిపై అతని యెదుటనుండి నడుమవరకు నాగటిచాలొకటి సాగి, ఆగి, మూసుకొనెను. ఇంట బుల్లెమ్మ కాలు కదిపి అన్నమడిగెను.

పిమ్మట మిగిలిన పరిహారముతో అరెకరము కొని, తొలిచాలునకు ముందే సింగయ్య ఆ నేలకు తన పేరు చెప్పుకొనెను. అది విరగపండెను.

చెరువునకు, బాటకు, ఫ్యాక్టరీకి నేలనిచ్చినవారు, ఆ నేలను గొలుసుపట్టి కొలిచినవారు సయితము ఈ వ్రతము చేయవలెను. చేసినవారి బిడ్డలు కడుపునిండ తిందురు, పెట్టిన పంట చేతికి వచ్చును.

ఇప్పుడు అక్షతలు తలపై వేసుకొనక నేలపై విడువుడి. రేపు మధ్యాహ్నము వచ్చి చూడుడి. అవి మొలవకున్నచో మీ నేల విన్నది. మొలచినచో, ఏమి దాచితిరో అది పోయి చెప్పుడి.