దొప్పెడు నీళ్ళు

వాగు ఎండి ఇసక మేటలేసిన అడవి ఒకటుండేదిలే. ఆ అడవికి దిక్కు పెద్దేనుగే. రోజూ పొద్దున్నే ఇసకని కాలితో తన్ని, తొండంతో తోడి చెలమ తవ్వేవాడు. ఊరిన నీళ్ళు ముందు పిల్లతల్లులు తాగాలి, ఆఖర్న తను. ఆ పద్ధతి చూసే అందరూ కలిసి ఆయన్ని దొరని చేశారు.

దొరయ్యాక గుమ్మంలో నక్క చేరింది.

"మీరు చెలమలు తవ్వడమేంటి దొరా, నామోషీ! పందులకి అప్పజెప్పేశాను. మీరిక్కడ కూచోండి, జనం వస్తున్నారు."

వచ్చారు, నక్క లోపలికి పంపినవాళ్ళు. తేనెపట్టు నాదంటే నాదని ఎలుగుబంట్లు, కొమ్మకోసం కోతులు, దండలు వేస్తామని నెమళ్ళు. ఒకళ్ళని పంపేసరికి ఇంకొకళ్ళు. నములుతున్న వెదురాకు నోట్లోనే ఉండిపోయేది. కాళ్ళు బరువెక్కి, కళ్ళు మండి, "ఇవాళైనా వాగుకెళ్ళొస్తానోయ్" అని లేస్తే నక్క ఆకుదొప్పతో నీళ్ళు పట్టుకొచ్చేది.

"ఎందుకు దొరా శ్రమ? ఇవిగో చెలమ నీళ్ళు, రుచి చూడండి."

చల్లగా, తేటగా ఉండేవి. అందరికీ అందుతున్నాయన్నమాట అనుకుని మళ్ళీ కూలబడేవాడు. అవి కొండమీద రాతిదొనలోవని, నక్క తనకోసం దాచుకున్నవని ఆయనకేం తెలుసు?

ఓ రోజు వరస చివర్న ఎవరో పొడిదగ్గు దగ్గారు.

"ఎవరది?"

"దుప్పి, దొరా. బిడ్డనేసుకుని మీ దర్శనానికొచ్చింది. రేపు రమ్మన్నా."

"రోజూ ఇదే దగ్గు వినబడుతోందే?"

"రోజూ మిమ్మల్ని చూడాలనే ఆశ దానికి!"

దొర మురిసిపోయాడు.

ఒక పొద్దున గుమ్మంలో ఒక్కళ్ళూ లేరు. "అందరూ సుఖంగా ఉన్నారు, అర్జీ పెట్టేవాడే లేడు" అంది నక్క. దొరకి ప్రాణం లేచొచ్చింది. తీరిక దొరికిందని వాగుకి నడిచాడు.

చెలమలో పందులు పొర్లిన బురద, అదీ ఎండి నెర్రెలిచ్చింది. అందరూ అడవి వదిలిపోయారు. బిడ్డ నడవలేక దుప్పి ఒక్కతే మిగిలింది, పడిపోయిన కూనని నాకుతూ.

ఏనుగు గబగబా తవ్వాడు. నీళ్ళు ఊరాయి. తొండంతో తెచ్చి కూన మూతి తడిపితే పక్కకి కారిపోయాయి.

"నా గుమ్మానికొచ్చి చెప్పకపోయావా తల్లీ?"

"వచ్చాను అన్నా, రోజూ. నోరెండి అరవలేకపోయా. దగ్గాను. నీకు వినబళ్ళేదా?"

వినబడింది.

నక్కని పట్టుకుందామని వెళ్తే గుమ్మం ఖాళీ. అప్పటికే పక్క అడవి దొర గుమ్మంలో కుదురుకుందట. దొప్ప మాత్రం అక్కడే పడుంది, ఇంకా తడి ఆరకుండా.

మంది దాహం దొప్పలో కనబడదు నాయనా, చెలమ దాకా నడిచి చూసుకోవాల్సిందే.